యుద్ధకాలపు డెన్మార్కులో పీట్ తీసే పద్ధతి: చిత్తడి నుంచి పొయ్యి దాకా

1940 ఏప్రిల్ 9న జర్మన్ సైన్యం డెన్మార్కును ఆక్రమించుకోవడంతో, అప్పటిదాకా ఆ దేశంలో రైళ్ళకూ విద్యుత్ కేంద్రాలకూ ఇళ్ళలోని ఇనుప పొయ్యిలకూ ఆధారమైన బ్రిటిష్ బొగ్గు ఆగిపోయింది. జర్మనీ నుంచి కొంత బొగ్గు వచ్చేది కానీ అది అవసరానికి చాలేది కాదు, వచ్చే నెల వస్తుందన్న భరోసా కూడా ఉండేది కాదు. చెప్పుకోదగిన నల్లబొగ్గు గనులు డెన్మార్కుకు లేవు. పైగా 1939-40, 1940-41, 1941-42 శీతకాలాలు మూడూ వరుసగా, ఆ దేశపు లెక్కలో కూడా, అసాధారణమైన చలితో వచ్చాయి. కనుక ఇంధనం సొంత నేలలోనే వెతుక్కోవలసి వచ్చింది. జట్లాండ్ ద్వీపకల్పం మధ్యలోని సోబి ప్రాంతంలో గోధుమరంగు లిగ్నైట్ ఉంది, అడవుల్లో బీచ్ అనే చెట్ల కట్టె ఉంది, వీటితోపాటు దేశమంతటా చిన్నా పెద్దా చిత్తడి నేలల్లో పీట్ ఉంది.

పీట్ అంటే నీట మునిగి, గాలి తగలక, పూర్తిగా కుళ్ళకుండా వేల ఏళ్ళపాటు పేరుకుపోయిన నాచు, రెల్లు, తుంగ, చెట్ల వేర్ల ముద్ద. డేనిష్ భాషలో దాన్ని టోర్వ్ అనీ, అది దొరికే చిత్తడిని మోసె అనీ అంటారు. 1941 లేదా 1942 వసంతంలో జట్లాండ్‌లోనో షెలాండ్ ద్వీపంలోనో కొంత చిత్తడి చేతికి వచ్చిన మనిషికి చెబుతున్నట్టుగా, పీట్ తీసే పనిని మొదటి నుంచి చివరిదాకా ఇక్కడ వివరిస్తాను. ఆ పరిశ్రమ గురించి ఎంత చదివినా, ఒక ముక్క పీట్ చేయడానికి ఏ పని తర్వాత ఏ పని చేయాలో తెలియనిదే, అంతమంది మనుషులు ఎందుకు కావలసి వచ్చారో, అంత తొందర ఎందుకో అర్థం కాదు. మన ఊళ్ళలో ఇటుకల పని చూసినవారికి ఇందులో చాలా భాగం పరిచయంగానే తోస్తుంది, ఒక్క తేడా తప్ప: ఇటుకను ఆరబెట్టాక కాలుస్తాం, పీట్‌ను ఆరబెట్టడంతోనే తయారీ పూర్తవుతుంది.

ముందు నీటి లెక్క

పార పట్టుకునే ముందు ఒక లెక్క మనసులో పెట్టుకోవాలి. చిత్తడి నుంచి అప్పుడే తీసిన పీట్‌లో పదింట తొమ్మిది వంతులు నీరే. 1000 కిలోల పచ్చి పీట్ తీస్తే, అందులో మండే పదార్థం సుమారు 100 కిలోలు మాత్రమే ఉంటుంది. అమ్మకానికి తగిన పీట్‌లో తేమ 30 శాతం దాటకూడదనుకుంటే, ఆ 1000 కిలోల నుంచి చేతికి వచ్చే సరుకు దాదాపు 143 కిలోలు. మిగిలిన 857 కిలోల నీటిని ఎవరూ ఏ పొయ్యి మీదా ఆవిరి చేయరు, ఎండకూ గాలికీ వదిలేస్తారు. అందుకే ఈ పరిశ్రమలో అసలు యజమాని వాతావరణమే అనవచ్చు.

ఇదే లెక్క కొనేవాడి వైపు నుంచి కూడా చూడాలి. పూర్తిగా ఎండిన పీట్ పదార్థం కిలోకు సుమారు 5000 కిలోక్యాలరీల వేడినిస్తుంది. 30 శాతం తేమ ఉన్న పీట్, ఆ తేమను ఆవిరి చేయడానికి పోగా, కిలోకు 3300 దాకా ఇస్తుంది. తేమ 50 శాతం ఉంటే అది 2200కు పడిపోతుంది. మంచి నల్లబొగ్గు 7000 ఇస్తుంది కనుక, ఒక బస్తా బొగ్గుకు బదులు బాగా ఎండిన పీట్ అయితే రెండు బస్తాలు, పచ్చిది అయితే మూడు బస్తాలకు పైగా కావాలి. పీట్‌ను తూకానికి అమ్మేచోట ఈ తేడాలోనే లాభమూ ఉంది, మోసమూ ఉంది.

నేలను ఎంచుకోవడం

చిత్తడులన్నీ ఒకటి కావు. జట్లాండ్ ఉత్తర భాగంలోని స్టోర విల్‌మోసె, లిలె విల్‌మోసె వంటివి వాననీటితోనే పెరిగిన ఎత్తు చిత్తడులు. వాటిలో ప్రధానంగా ఉండేది స్ఫాగ్నమ్ అనే నాచు. షెలాండ్ పశ్చిమ భాగంలోని ఓమోసె వంటివి పాత సరస్సులూ వాగులూ పూడిపోయి ఏర్పడిన పల్లపు చిత్తడులు. వాటిలో రెల్లు, తుంగ, చెట్ల అవశేషాలతోపాటు వాగులు మోసుకొచ్చిన ఒండ్రు, సున్నం కూడా కలిసి ఉంటాయి కనుక బూడిద ఎక్కువ.

ఎత్తు చిత్తడిలో పైపొరను చూసి మోసపోకూడదు. పైన ఉండే లేత గోధుమరంగు నాచు పొర ఇంకా సరిగా మాగలేదు, చేతితో పట్టుకుంటే స్పంజిలా ఉంటుంది. డెన్మార్కు పనివాళ్ళు దానికి పెట్టిన పేరు కుక్కమాంసం. అది ఇంధనంగా దాదాపు పనికిరాదు, ఎండితే గడ్డిలా తేలికై ఒక్క క్షణంలో మండిపోతుంది. దాన్ని పక్కకు తీసి పశువుల కొట్టాల్లో పరుపుగా వాడుకోవాలి. మనకు కావలసింది దాని కింద నల్లగా, జిగురుగా ఉండే పాత పొర.

పొర ఎంత మాగిందో తెలుసుకోవడానికి ప్రయోగశాల అక్కరలేదు, పిడికిలి చాలు. స్వీడన్ భూగర్భ శాస్త్రవేత్త లెన్నార్ట్ ఫాన్ పోస్ట్ 1920లలో ఈ పిడికిలి పరీక్షనే 1 నుంచి 10 వరకు మెట్లుగా క్రమబద్ధం చేశాడు. పిడికెడు పచ్చి పీట్ తీసుకుని గట్టిగా పిండాలి. వేళ్ళ సందుల నుంచి తేటనీరు మాత్రమే కారితే అది మొదటి మెట్టు, అంటే మాగని నాచు. నీరు మురికిగా వచ్చి, పిండగా మిగిలిన ముద్దలో మొక్కల రూపురేఖలు ఇంకా కనిపిస్తుంటే నడిమి మెట్టు. ముద్దంతా వెన్నలా వేళ్ళ సందుల్లోంచి జారిపోయి పిడికిలిలో ఏమీ మిగలకపోతే అది పదో మెట్టు. ఇంధనానికి ఆరు, ఏడు దాటిన పొరలను వెతకాలి.

పల్లపు చిత్తడిలో మరో పరీక్ష తప్పనిసరి. ఒక ముక్కను పొయ్యి పక్కన పూర్తిగా ఎండబెట్టి, తూచి, కాల్చి, మిగిలిన బూడిదను మళ్ళీ తూచాలి. వంద గ్రాములకు అయిదారు గ్రాములు మిగిలితే సంతోషించవచ్చు. ఇరవై దాటితే మీరు తీస్తున్నది ఇంధనం కంటే ఎక్కువగా సరస్సు అడుగు మట్టి అని అర్థం. అదే చిత్తడిలో వంద అడుగులు జరిగి తవ్వితే ఫలితం మారిపోవచ్చు కనుక నాలుగైదు చోట్ల నమూనాలు తీయడం మంచిది. ఎన్రికో డాల్గాస్ 1866లో స్థాపించిన హీత్ సంస్థ (హీత్ అంటే పొదలు మొలిచే బంజరు), డేనిష్‌లో హెడెసెల్‌స్కాబెట్, బంజరు నేలలతోపాటు చిత్తడుల వ్యవహారాలు కూడా చూసేది. అటువంటి అనుభవజ్ఞుల సలహా దొరికేచోట సొంత తెలివితేటల మీద మాత్రమే ఆధారపడడం దుబారా.

ఇంకొకటి, కొత్తగా దిగినవారు దాదాపు అందరూ మరచిపోయేది: పీట్ ఎంత లోతుగా ఉందన్నదానితో సమానంగా, పక్కన ఆరబెట్టడానికి ఎంత చోటు ఉందన్నది కూడా చూసుకోవాలి. పచ్చి పీట్‌ను పది సెంటీమీటర్ల మందాన పరిస్తే ఒక టన్నుకు పది చదరపు మీటర్ల నేల పడుతుంది. ఒక టన్ను ఎండు సరుకుకు ఏడు టన్నుల పచ్చి సరుకు కావాలి కనుక డెబ్బై చదరపు మీటర్లు కావాలి, మధ్యలో నడిచే దారులు వేరు. వంద టన్నులు చేయాలనుకుంటే ఒక్క విడతకే దాదాపు ఎకరం ముప్పాతిక చదునైన గడ్డి నేల సిద్ధంగా ఉండాలి. అది లేకపోతే పది అడుగుల లోతు నల్ల పీట్ ఉన్నా ప్రయోజనం లేదు.

నీరు తీయడం, కానీ మరీ కాదు

తవ్వే చోటికి ఒక ఏడాది ముందుగానే మురుగు కాలువలు తీసి నీటిమట్టాన్ని దించడం సరైన పద్ధతి. యుద్ధకాలంలో ఆ వ్యవధి చాలామందికి దొరకలేదు. అప్పుడు కనీసం శీతాకాలం చివరనైనా, మంచు కరిగే ముందు, పల్లం వైపు ఒక ప్రధాన కాలువ, దానిలోకి చేరే పిల్ల కాలువలు తీయాలి. కాలువ వల్ల పీట్ ఎండిపోదు, అది పట్టుకున్న నీటిని అంత సులువుగా వదలదు. కాలువ చేసేదల్లా మనిషి నిలబడడానికి, బండి కదలడానికి నేలను గట్టిపరచడమే. అతిగా ఎండగట్టిన పీట్ పిసకడానికి లొంగక గడ్డలు కడుతుంది, దానికి మళ్ళీ నీరు పోయాలి. కాలువ మీద అడ్డుపలక ఒకటి పెట్టుకుని, అవసరాన్ని బట్టి ఎత్తుతూ దించుతూ ఉంటే ఈ బాధ ఉండదు.

కోయడమా, పిసకడమా

పాత పద్ధతి కోత పీట్, స్కేరెటోర్వ్. గోడలా నిటారుగా తీసిన గుంత అంచున నిలబడి, రెక్క ఉన్న సన్నని పారతో పీట్‌ను సరాసరి ఇటుక ఆకారంలో కోసి, బండి మీద వేసి, ఆరబెట్టే చోటికి చేరుస్తారు. ఇంటి అవసరానికి ఇది చాలు, యంత్రం అక్కరలేదు. అయితే దీనికి గట్టి, సమానమైన పొర కావాలి, నీటిమట్టానికి పైన ఉన్నంత మేరకే కోయగలం. ఎండిన కోత పీట్‌లో మొక్కల పీచు అలాగే ఉంటుంది కనుక అది తేలికగా ఉండి, వాన పడితే మళ్ళీ నీరు పీల్చుకుంటుంది, దూర ప్రయాణంలో పొడి పొడి అవుతుంది.

యుద్ధకాలపు పరిశ్రమ నిలబడింది పిసికిన పీట్, ఎల్టెటోర్వ్, మీద. పీట్‌ను నీటితో కలిపి బాగా పిసికితే అందులోని పీచు తెగిపోతుంది, పైపొరా కిందిపొరా కలిసి ఒకే నల్లని జావ అవుతుంది. దాన్ని అచ్చులో పోసి ఆరబెడితే అన్ని వైపులా సమానంగా ముడుచుకుని, గట్టిపడి, పైన ఒక నున్నని పొర కడుతుంది. ఆ పొర కట్టిన తర్వాత చిరుజల్లుకు అది బెదరదు, నీరు జారిపోతుంది. అదే బరువు పీట్, అదే చిత్తడి, కానీ పిసికినది బొగ్గులా చేతికి తగులుతుంది, కోసినది బెండులా ఉంటుంది. ఎవరైనా ఏ పద్ధతి మంచిదని అడిగితే, అమ్మకానికి అయితే నేను సందేహించకుండా పిసికినదే అంటాను.

పిసకడానికి మొదట్లో గుర్రాలను వాడేవారు, మన ఇటుక మట్టిని ఎద్దులతో తొక్కించినట్టే. యుద్ధకాలానికి టోర్వెవేర్క్ అనే యంత్రాలు వాడుకలో ఉన్నాయి: ఒక తొట్టి, దాని అడుగున కత్తులు బిగించిన ఇరుసు, దాన్ని తిప్పడానికి ఆవిరి యంత్రమో ట్రాక్టరో విద్యుత్ మోటారో. గుంతలోని మనుషులు పారలతో పీట్‌ను బకెట్లు కట్టిన గొలుసు మీదికి విసురుతారు, గొలుసు దాన్ని పైకి మోసి తొట్టిలో పడేస్తుంది, నీటి గొట్టం ఒకటి పక్కనుంచి పారుతూ ఉంటుంది, ఇరుసు పిసికి రెండో చివర జావను బయటికి నెడుతుంది. పెట్రోలు, డీజిలు దొరకని రోజులు కనుక, చిత్తడిలోనే తీసిన పీట్‌ను కాల్చి నడపగల ఆవిరి యంత్రం ఉన్నవాడు అదృష్టవంతుడు. యంత్రాన్ని తిప్పే పట్టీలు తెగితే కొత్తవి దొరకడం కష్టం కాబట్టి, రాత్రి వాటిని విప్పి పొడిచోట పెట్టడం యజమాని స్వయంగా చూసుకోవలసిన పని.

యంత్రం దగ్గర గుర్తుంచుకోవలసినవి కొన్ని ఉన్నాయి. గుంతలోని మనుషులు పైనుంచి కిందిదాకా నిలువుగా తవ్వాలి, అప్పుడే మంచి పొరా చెడ్డ పొరా సమపాళ్ళలో కలిసి ప్రతి ముక్కా ఒకేలా ఉంటుంది. పైన తీసింది ఒక రోజు, కింద తీసింది మరో రోజు వేస్తే ఒక బండి సరుకు గడ్డిలా, మరో బండి రాయిలా తయారవుతుంది. చెట్ల మొద్దులు, వేర్లు తొట్టిలో పడకుండా ఏరివేయడానికి ఒక మనిషి ప్రత్యేకంగా ఉండాలి. వేరు ఇరుక్కుంటే ముందు యంత్రాన్ని ఆపాలి, తర్వాతే చెయ్యి పెట్టాలి. తిరిగే కత్తుల మధ్య నుంచి వేరు లాగబోయి వేళ్ళు పోగొట్టుకోవడానికి ఒక్క క్షణం చాలు. జావ చిక్కదనానికి కొలత ఏమిటంటే, పారతో ఎత్తితే జారాలి కానీ అచ్చు తీయగానే పక్కకు పాకకూడదు. నీరు ఎక్కువైతే అచ్చులో పోయడం సులువు కానీ ఆరడానికి వారం ఎక్కువ పడుతుంది.

కళ్ళంలో

పిసికిన జావను చిన్న గేజు పట్టాల మీద నడిచే తిరగేత బండ్లలో ఆరబెట్టే నేలకు తీసుకెళ్తారు. పంట నూర్చే చోటును మనం కళ్ళం అంటాం కదా, దీన్నీ అలాగే పిలుస్తాను. పట్టాలను రోజూ కొంచెం పక్కకు జరుపుకుంటూ పోవాలి, లేకపోతే జావను మోసే దూరం పెరిగి కూలి పెరుగుతుంది. గదులు గదులుగా ఉన్న చెక్క అచ్చును గడ్డి మీద పెట్టి, జావ పోసి, పైన పలకతో చదును చేసి, అచ్చును నిటారుగా పైకి లేపాలి. అచ్చు ప్రతిసారీ తడిగా ఉండాలి, లేకపోతే అంచులు అంటుకుని చిరిగిపోతాయి. ముక్కకూ ముక్కకూ మధ్య వేలు దూరేంత సందు ఉంటే గాలి ఆడుతుంది.

తర్వాత కొన్ని రోజులు ఏమీ చేయకుండా ఉండడమే పని. పైన పొర కట్టి, ఒక చివర పట్టుకుని ఎత్తితే విరగకుండా లేచే స్థితికి వచ్చే వరకు ముట్టుకోకూడదు. ఆ స్థితికి వచ్చాక ఒక్కొక్క ముక్కను తిప్పి, తడి అడుగుభాగం పైకి వచ్చేట్టు నిలబెట్టాలి, రెండు మూడింటిని ఒకదానికొకటి ఆనించి పేకముక్కల ఇల్లులా పెడితే ఇంకా మంచిది. మరో వారం పది రోజులకు వాటిని చిన్న బోలు గూళ్ళుగా పేర్చాలి: గుండ్రంగా ఒక వరస, సందులు వదులుతూ దాని మీద మరో వరస, పైకి పోయేకొద్దీ సన్నబడుతూ. పిడకల గూడు పేర్చినవారికి ఇది చెప్పనక్కరలేదు, కానీ పిడకల గూడును వాన లోపలికి పోకుండా పేరుస్తాం, దీన్ని గాలి లోపలికి పోయేట్టు పేరుస్తారు. చివరగా, పూర్తిగా ఎండిన ముక్కలను పెద్ద వామిగా వేసి, పైవరసను ఇంటి పెంకుల్లా వాలుగా పేర్చి వాన జారిపోయేట్టు చేయాలి.

తిప్పడం, నిలబెట్టడం, గూడు పేర్చడం ఎక్కువగా ఆడవాళ్ళూ పిల్లలూ చేసేవారు. బరువు తక్కువ పని అని దానికి కూలి కూడా తక్కువ. రోజంతా నడుము వంచి, వేల ముక్కలను ఒక్కొక్కటిగా చేతితో ముట్టుకోవాలి, ఎండిన అంచులకు వేళ్ళ చర్మం చెక్కుకుపోతుంది. గుంతలోని మగవాళ్ళ కష్టం గురించి ఎక్కువ చెప్పుకుంటారు కానీ, సరుకు బాగుపడేదీ పాడయ్యేదీ కళ్ళంలోనే. తిప్పవలసిన రోజున తిప్పకపోతే అడుగున గడ్డి మొలిచి ముక్కను పట్టుకుంటుంది, ఆ తర్వాత దాన్ని లేపితే సగమే చేతికి వస్తుంది.

పంచాంగం

నేలలో మంచు పూర్తిగా వీడిన తర్వాత, అంటే ఏప్రిల్‌లో, పని మొదలుపెట్టాలి. డెన్మార్కులో ఏప్రిల్, మే నెలల్లో వాన తక్కువ, పొడి గాలి ఎక్కువ, పగలు పొడుగు. పీట్ ఆరడానికి వేడి కంటే గాలే ముఖ్యం కనుక, జూలై ఎండ కంటే మే గాలి విలువైనది. మంచి వాతావరణంలో ఒక విడత అయిదారు వారాల్లో వామికి ఎక్కుతుంది, అప్పుడు అదే కళ్ళంలో రెండో విడత పరచవచ్చు. జూన్ 24న వచ్చే సెయింట్ హాన్స్ పండుగ నాటికి పెద్ద భాగం అచ్చుల నుంచి బయటికి వచ్చేసి ఉండాలి. జూలై నడిమి తర్వాత పోసిన ముక్క శరదృతువు వానలకు దొరికిపోతుంది, ఆ వానలను తట్టుకున్నా మంచుకు దొరికిపోతుంది. తడి ముక్కలోని నీరు గడ్డకట్టి లోపలి నిర్మాణాన్ని పగలగొడుతుంది, మంచు కరిగాక అది చేతిలో పొడిగా రాలుతుంది. ధర బాగుందని ఆగస్టులో కూడా యంత్రం నడిపేవాడు తన కూలి డబ్బును చిత్తడిలో పోస్తున్నట్టే.

మనుషులు

ఒక యంత్రానికి గుంతలో తవ్వేవాళ్ళు, తొట్టి దగ్గర ఒకరిద్దరు, బండ్లు తోసేవాళ్ళు, అచ్చులు పోసేవాళ్ళు, కళ్ళంలో తిప్పేవాళ్ళు అందరూ కలిసి ఒక పెద్ద ముఠా కావాలి. వీరిలో ఎవరు వెనకబడినా అందరూ ఆగిపోతారు. 1940 నాటికి డెన్మార్కు పట్టణాల్లో నిరుద్యోగం ఎక్కువగా ఉండడంతో, ఎన్నడూ పార పట్టని పట్టణవాసులు కూడా చిత్తడులకు వచ్చి, చెక్క గుడిసెల్లో మకాం పెట్టారు. ఇటువంటి మనిషిని మొదటి రోజే గుంతలోకి దించకూడదు. రెండు వారాలు బండి తోయించి, తర్వాత దించితే అతను సీజను చివరిదాకా నిలుస్తాడు. పనిని బట్టి కూలి ఇచ్చేచోట ముఠాలోని బలవంతుడు బలహీనుణ్ణి తరిమేస్తాడు, అది మేస్త్రీ కనిపెట్టి ఉండాలి.

కూలీలు దొరకడం ఏటేటా కష్టమైంది. ఆల్బోర్గ్ విమానాశ్రయ విస్తరణలోనూ, 1942 నుంచి జట్లాండ్ పశ్చిమ తీరాన సాగిన కోటల నిర్మాణంలోనూ జర్మన్ సైన్యం డేనిష్ కూలీలను పెద్ద సంఖ్యలో పెట్టుకుంది, అక్కడ కూలి ఎక్కువ. స్టోర విల్‌మోసె ఆల్బోర్గ్‌కు ఎంత దగ్గరో పటం చూసినవారికి తెలుస్తుంది. సోబి లిగ్నైట్ గుంతలు మరో ఆకర్షణ. అక్కడ డబ్బు ఎంతగా పారిందంటే, ఒకప్పుడు బంగారం కోసం జనం ఎగబడిన కెనడా ప్రాంతం పేరుతో ఆ చోటును డెన్మార్కు క్లోన్‌డైక్ అనేవారు. చిత్తడి యజమాని వీటితో కూలిలో పోటీ పడలేడు కనుక పొడి పడకలు, వేడి భోజనం, చెక్క అడుగుల బూట్లు, వాన రోజున కూడా ఏదో ఒక పని వంటివి చూసుకోవాలి.

అమ్మే ముందు, కొనే ముందు

ఎండిన ముక్కను పరీక్షించడం సులువు. రెండు ముక్కలను ఒకదానితో ఒకటి కొడితే చెక్కలా గట్టి చప్పుడు రావాలి, మెత్తని చప్పుడు వస్తే లోపల తడి ఉంది. ఒకదాన్ని విరిచి నడిమి భాగాన్ని చెంపకు ఆనిస్తే చల్లగా తగలకూడదు. వామి పైవరస చూసి కొనకూడదు, చెయ్యి లోపలికి పెట్టి కిందిదాన్ని లాగి చూడాలి. అనుమానం తీరకపోతే ఒక ముక్కను తూచి, పొయ్యి మీద రెండు రోజులు పెట్టి, మళ్ళీ తూస్తే తేమ శాతం తేలిపోతుంది. కరువు రోజుల్లో సగం తడి సరుకు కూడా అమ్ముడుపోతుంది, ధర మీద ప్రభుత్వ నియంత్రణ ఉన్నప్పుడు తూకంలో నీరు కలపడమే ధర పెంచే దొడ్డిదారి అవుతుంది. కానీ ఆ సరుకును రైలులో ఎక్కించినప్పుడు దేశం నీటిని కూడా మోస్తోంది, అది కూడా బొగ్గు లేని రోజుల్లో.

యంత్రం అప్పు చేసి కొనాలనుకునేవారికి ఒక హెచ్చరిక. మొదటి ప్రపంచ యుద్ధంలో, ముఖ్యంగా 1917 తర్వాత, ఇదే కరువు వచ్చింది, ఇలాగే చిత్తడులన్నీ తవ్వారు, బొగ్గు ఓడలు తిరిగి రాగానే ఆ గిరాకీ పోయింది. 1945 తర్వాత కూడా కొన్నేళ్ళు పీట్ నడిచింది, ఎందుకంటే ఇంధన కొరత యుద్ధంతోనే తీరిపోలేదు. ఆ తర్వాత బొగ్గూ ఇంధన నూనే చవకగా దొరకడంతో ఇంధన పీట్ పరిశ్రమ కుప్పకూలింది. పిండ్‌స్ట్రప్ వంటి సంస్థలు తోటల మట్టికి మారి బతికాయి. రెండు మూడు సీజన్లలో తీరని అప్పు ఈ వ్యాపారంలో చేయకూడదు.

పారకు ఏదైనా తగిలితే

చిత్తడిలో గాలి ఆడదు కనుక, పీట్‌ను నిలిపి ఉంచినట్టే అందులో పడినదాన్ని కూడా నిలిపి ఉంచుతుంది. 1941లో ఫ్యూన్ ద్వీపంలోని కోల్బ్యెర్గ్ చిత్తడిలో పీట్ తవ్వుతుంటే దొరికిన ఎముకలు సుమారు పదివేల ఏళ్ళనాటివి, డెన్మార్కులో దొరికిన మానవ అవశేషాల్లో అత్యంత ప్రాచీనమైనవి. 1942లో షెలాండ్‌లోని వెక్సో దగ్గర కొమ్ములున్న రెండు కంచు శిరస్త్రాణాలు బయటపడ్డాయి. 1944లో హోల్మెగోర్ చిత్తడిలో ఎల్మ్ కర్రతో చేసిన, దాదాపు తొమ్మిదివేల ఏళ్ళనాటి విల్లు దొరికింది. ఆ చిత్తడి పక్కనే 1825లో హోల్మెగోర్ గాజు కర్మాగారం వెలిసింది, కొలిమికి పీట్ దొరుకుతుందన్న కారణంతోనే. ఓమోసెలో యుద్ధకాలపు తవ్వకాల వల్ల రాతియుగపు నివాసాలు వరసగా బయటపడగా, పురావస్తు శాస్త్రవేత్త థెర్కెల్ మాథియాసెన్ వాటిని పరిశోధించి 1943లో ప్రచురించాడు.

కనుక నియమం ఇది: కుండ పెంకు, చెక్కిన ఎముక, లోహపు ముక్క, మలచిన కర్ర ఏది కనిపించినా యంత్రం ఆపాలి, వస్తువును బయటికి లాగకూడదు, తడి పీట్‌తోనే కప్పి ఉంచి, ఏ లోతున దొరికిందో రాసుకుని, కోపెన్‌హేగెన్‌లోని జాతీయ మ్యూజియానికో దగ్గరి మ్యూజియానికో కబురు పంపాలి. కర్ర వస్తువును ఎండలో పెడితే ఒక్క పూటలో ముడుచుకుపోయి చీలిపోతుంది. పాత బంగారం, వెండి వంటివి దొరికితే అవి డానెఫే చట్టం కింద రాజ్యానివి, దొరికించుకున్నవాడికి బహుమానం వస్తుంది కనుక దాచుకోవడంలో లాభం లేదు. మనిషి శరీరం దొరికితే, అది నిన్న చనిపోయినవాడిలా ఉన్నా కంగారు పడకూడదు, పోలీసులకు చెప్పాలి. 1950 మేలో సిల్కెబోర్గ్ సమీపంలో ఇంటికోసం పీట్ తవ్వుకుంటున్నవారు సరిగ్గా అలాగే హత్య జరిగిందనుకుని పోలీసులను పిలిచారు. ఆ శరీరం రెండువేల ఏళ్ళకు పైబడినదని తర్వాత తెలిసింది, టోలండ్ మనిషి అని పిలిచేది దాన్నే.

నిజం చెప్పాలంటే, కోత పార కనిపెట్టినంత జాగ్రత్తగా యంత్రపు గొలుసు కనిపెట్టదు. తొట్టిలో పడి జావగా మారిపోయినవి ఎన్నో ఎవరికీ లెక్క దొరకదు.

ఇంట్లో కాల్చడం

బొగ్గు కోసం చేసిన పొయ్యిలో పీట్ వేస్తే రెండు ఇబ్బందులు వస్తాయి. అంతే వేడికి రెట్టింపు సరుకు పట్టాలి కనుక పొయ్యి గది చిన్నదైపోతుంది, బూడిద ఎక్కువ కనుక జల్లెడ త్వరగా మూసుకుపోతుంది. ముక్కలను రెండుగా విరిచి, కొంచెం కొంచెంగా, తరచుగా వేయాలి. రాజుకునే వరకు కింది గాలి తలుపు పూర్తిగా తెరిచి, ఎర్రబడ్డాక దాదాపు మూసేయాలి, లేకపోతే వేడంతా పొగగొట్టంలోకి పోతుంది. మర్నాటికి వేయవలసిన ముక్కలను ముందురోజే పొయ్యి పక్కన పేర్చుకుంటే మిగిలిన తేమ కూడా వదులుతుంది. తడి పీట్ కాల్చే ఇంట్లో పొగగొట్టం లోపల తారు పేరుకుని ఎప్పుడో ఒకప్పుడు అంటుకుంటుంది కనుక దాన్ని శీతాకాలంలో ఒకటికి రెండుసార్లు తుడిపించాలి.

రాత్రి పడుకునే ముందు బాగా మాగిన నల్ల ముక్కలు రెండు నిప్పుల మీద పెట్టి, పైన బూడిద కప్పి, గాలి తలుపు సన్నని సందు వదిలి మూస్తే తెల్లవారే దాకా నిప్పు ఉంటుంది, అగ్గిపుల్ల ఖర్చు తప్పుతుంది. పొద్దున తీసిన బూడిదను ఇనుప బకెట్‌లోనే ఉంచి, ఒక పగలూ ఒక రాత్రీ చల్లారిన తర్వాత మాత్రమే పెరట్లో పోయాలి. పీట్ బూడిద పైన చల్లగా కనిపించినా లోపల నిప్పు దాచుకుంటుంది, దాన్ని పీట్ వామి దగ్గర ఎన్నడూ పోయకూడదు.